సినిమాటోగ్రఫీ మంత్రి గారికి కోనసీమ నుంచి ఒక గ్రాఫిక్స్ ఆర్టిస్టు బహిరంగ లేఖ

అయ్యా,

నమస్కారం. మాది రాజోలు వైపు. సినిమాల్లో మొదట ఆర్ట్ డిపార్ట్‌మెంట్‌లో సెట్టు గోడలకు రంగులు వేశాను, తర్వాత గ్రాఫిక్స్‌లోకి వెళ్లాను. గ్రాఫిక్స్ పనిచేసినవాళ్లకి జీతాలు ఎగ్గొడుతున్న సంగతి మీద సోమవారం గ్రీవెన్స్‌లో అర్జీలు ఇచ్చీ ఇచ్చీ విసిగిపోయాను. ఆఖరి అర్జీకి ‘పరిష్కరించబడింది’ అని ఫోన్‌కి మెసేజ్ వచ్చింది. ఏం పరిష్కరించారో చెప్పినవాళ్లు లేరు. అందుకే నలుగురూ చదివేలా రాస్తున్నాను, తప్పుగా అనుకోకండి.

జీవో 13 గురించి మీకు నేను చెప్పక్కర్లేదు. భారీ సినిమా టికెట్ రేటు పెంచుకోవాలంటే 20 శాతం షూటింగ్ మన రాష్ట్రంలో జరగాలని 2022లో షరతు పెట్టారు. మంచిదే. కానీ కెమెరా ఆగాక జరిగే పని సంగతేమిటి? యూనిట్ మా వైపు దిండి ఊళ్లో దిగుతుంది, కోటిపల్లిలో గోదావరి దాటించే పంటు మీద నాలుగు సీన్లు తీసుకుంటుంది, వెళ్లిపోతుంది. గ్రాఫిక్స్ పని అంతా హైదరాబాద్‌కి పోతుంది. దాని వెనకే మేమూ పోవాలి.

ఆ పని ఎలా ఉంటుందో ఒక్క షాట్ చెబుతాను. పాతకాలం కథ, గోదావరి గట్టు మీద తీశారు. వెనకాల సెల్ టవరు, కరెంటు తీగలు పడ్డాయి. వాటిని తీసేయాలంటే ముందున్న కొబ్బరి మట్టల్ని ఆకు ఆకూ గీసి వేరు చేయాలి. రోటో అంటాం. సెకనుకు 24 ఫ్రేములు, ఐదు సెకన్ల షాటుకి 120. గాలికి ఆకు కదిలినప్పుడల్లా గీత సరిచేయాలి. ఎక్కడ జారినా తెర మీద ఆకు అంచు వణుకుతుంది. రిలీజ్ డేట్ దగ్గరపడితే నిద్ర కుర్చీలోనే. తీరా అంతా అయ్యాక ఎడిటింగ్‌లో షాట్ మారిందంటారు, మళ్లీ మొదలు. ఆ అదనపు పనికి పైసా ఇవ్వరు.

సినిమా రిలీజైంది, ఆడింది. మాకు మాత్రం ‘పేమెంట్ రాలేదు’ అన్నారు. నెలల జీతం అలాగే పోయింది. అపాయింట్‌మెంట్ లెటర్ లేదు, పీఎఫ్ లేదు, టైటిల్స్‌లో పేరు కూడా లేదు. రుజువు చూపించమంటే ఏం చూపించను? సినిమా కార్మికుడితో రాతపూర్వక ఒప్పందం ఉండాలని 1981లోనే చట్టం చేశారు కదా, ఆ కాగితం మా దాకా ఎందుకు రాలేదు? కోర్సు ఫీజుకి తాకట్టు పెట్టిన మా అమ్మ గాజులు ఇంకా బ్యాంకులోనే ఉన్నాయి. ఆవిడ అడగదు. అడగకపోవడమే నాకు ఎక్కువ బాధ.

ఎన్నో సినిమాల షూటింగులు జరిగిన కుమారదేవం సినిమా చెట్టు 2024 ఆగస్టులో కూలితే జిల్లా అంతా బాధపడింది. నేనూ బాధపడ్డాను. దాన్ని మళ్లీ చిగురింపజేయాలని పెద్దలు కదిలారు. ఆ సినిమాలకు పనిచేసే మనుషుల కోసం కూడా ఎవరో ఒకరు కదలాలి కదండీ.

గోదావరి జిల్లాలకు స్టూడియో వస్తుందన్న మాట ఎన్నికలొచ్చినప్పుడల్లా వింటున్నాం. అది ఎప్పుడొస్తుందో రానివ్వండి. ముందు ఆ 20 శాతం షరతులో సెట్టు పని, గ్రాఫిక్స్ పని చేర్చండి. జీతాలు ఎగ్గొట్టినవాళ్లకి రేటు పెంపు ఇవ్వకండి. సంక్రాంతి సినిమాల ఫైళ్లు మీ బల్ల మీదికి వస్తాయి. సంతకం పెట్టేముందు, పనిచేసినవాళ్లకి జీతాలు అందాయా అని అడగండి. దయచేసి అడగండి.

ఇట్లు,
రాజోలు ప్రాంతపు గ్రాఫిక్స్ ఆర్టిస్టు