వాపసు మెమోలో లేని వాక్యం

సంపాదకుల వారికి నమస్కారం.

కోడుమూరు దగ్గర మా చిన్నాన్న మూడెకరాల్లో పత్తి వేస్తే చెట్టు ఏపుగా పెరిగింది గానీ కాయ పట్టలేదు. వ్యవసాయాధికారి పొలం చూసి రాసిచ్చిన నివేదిక, ఖాళీ విత్తన సంచులు, దుకాణం రసీదు ఇప్పటికీ ట్రంకుపెట్టెలో ఉన్నాయి. పరిహారం కోసం సివిల్ కోర్టులో దావా వేసి, ఏడాదికి పైగా వాయిదాలకు తిరిగాక, వినియోగదారుల కమిషన్‌లో త్వరగా తేలుతుందని నలుగురూ చెప్పడంతో దావాను వాపసు తీసుకున్నాం. చిన్నాన్న సంతకం పెట్టిన మెమో అర కాగితం, అందులో రెండే వాక్యాలు, అవీ ఇంగ్లీషులో. వచ్చిన ఉత్తర్వు ‘డిస్మిస్డ్ యాజ్ విత్‌డ్రాన్’ (వాపసు తీసుకున్నందున కొట్టివేత) అన్న మూడు ముక్కలు.

కమిషన్‌కు వెళ్లాలనుకోవడం తప్పు కాదు. విత్తనాల చట్టం ఉన్నప్పటికీ రైతు వినియోగదారుడిగా ఫిర్యాదు చేయవచ్చని నేషనల్ సీడ్స్ కార్పొరేషన్ కేసులో సుప్రీంకోర్టు 2012లోనే తేల్చింది. కొన్న సరుకుకు చెల్లించిన సొమ్ము 5 లక్షల రూపాయలు దాటకపోతే ఫీజు కూడా లేదు. చిక్కంతా దావాను వదులుకున్న తీరులోనే ఉంది.

సివిల్ ప్రక్రియా స్మృతి 23వ ఆర్డరు 1వ రూలు ప్రకారం, కోర్టు అనుమతి లేకుండా దావాను ఉపసంహరించుకున్నవారు అదే విషయంపై మళ్లీ దావా వేయలేరు. ఈ సూత్రాన్ని హైకోర్టు రిట్ పిటిషన్లకూ వర్తింపజేస్తూ సుప్రీంకోర్టు 1986లో సర్గుజా ట్రాన్స్‌పోర్ట్ కేసులో తీర్పు చెప్పింది. ఆ రూలు మాట్లాడేది కొత్త దావా గురించే కనుక కమిషన్ తలుపు మూసుకుపోలేదు గానీ, అక్కడ ఓడితే సివిల్ కోర్టుకు తిరిగి వచ్చే దారి మాకు లేదు. పైగా కమిషన్‌లో గడువు రెండేళ్లు, అందులో సగానికి పైగా దావాకే పోయింది. విచారణాధికారం లేని కోర్టులో సద్భావంతో గడిపిన కాలాన్ని మినహాయించే లిమిటేషన్ చట్టం 14వ సెక్షన్ ఉంది కదా అంటే, మేము వెళ్లిన కోర్టుకు ఆ అధికారం ఉంది, కనుక ఆ సెక్షన్ మాకు అక్కరకు రావడం కష్టం.

‘వినియోగదారుల కమిషన్‌ను ఆశ్రయించేందుకు, అవసరమైతే తిరిగి దావా వేసుకునేందుకు స్వేచ్ఛ ఇస్తూ అనుమతించ ప్రార్థన’ అన్న ఒక్క వాక్యం ఆ మెమోలో ఉండి ఉంటే బాగుండేది. అడిగిన వెంటనే ఇస్తారని కాదు, కోర్టు తగిన కారణం చూస్తుంది. ఇవ్వనంటే దావాను నడుపుకోవాలో వదులుకోవాలో అప్పుడైనా తెలిసి నిర్ణయించుకునేవాళ్లం.

కర్నూలుకు హైకోర్టు బెంచ్ గురించి ఇన్నేళ్లుగా మాట్లాడుకుంటున్నాం, సంతోషమే. దానికంటే ముందు, వాపసు మెమో తెలుగులో ఉండేలా, దానివల్ల ఏ హక్కు పోతుందో కక్షిదారుకు వినిపించాకే సంతకం తీసుకునేలా జిల్లా న్యాయ సేవాధికార సంస్థ చొరవ చూపాలని కోరుతున్నాను. దీనికి కొత్త చట్టం గానీ కొత్త భవనం గానీ అక్కరలేదు.

చిన్నాన్న ఫిర్యాదు ఇంకా విచారణకే రాలేదు. ఆలస్యాన్ని మన్నించమని వేసిన పిటిషన్ వచ్చే నెలకు వాయిదా పడింది.

– ఒక పాఠకుడు, కోడుమూరు, కర్నూలు జిల్లా