నిప్పు తగలని మేకు

కావలి దగ్గర మన ఊరి నుంచి,
ఆదివారం మధ్యాహ్నం

ప్రియమైన రమణకు,

నీ ఉత్తరం అంది నెల దాటినా జవాబు రాయనందుకు మన్నించు. అమ్మకు మోకాలి నొప్పి కొంత తగ్గింది, పెద్దవాడు ఒంగోలులో కాలేజీలో చేరాడు, వానలు ఇంకా పడలేదు. మిగతా కబుర్లు ఆగుతాయి. నిన్న నేను కళ్లారా చూసినది నీకు చెప్పేదాకా నాకు కుదురు లేదు.

మలైకాజా పందెం గుర్తుంది కదా? 2023 సెప్టెంబర్ 2న ఉదయం 11 గంటల 50 నిమిషాలకు శ్రీహరికోటలో, సూర్యుణ్ణి పరిశీలించడానికి ఇస్రో పంపిన ఆదిత్య-ఎల్1 నౌక లేచినప్పుడు, మనం అటకానితిప్ప దగ్గర రోడ్డు పక్కన ఒకే తువ్వాలు ఇద్దరి తలలకూ కప్పుకుని నిలబడ్డాం. పొగ ఇంకా చెదరకముందే నువ్వు పేచీ పెట్టావు. సూర్యుడి పైతలం 5,500 డిగ్రీలైతే, దాని బయట చుట్టూ ఉన్న పలచటి వాయువుల పొర, కరోనా, పది లక్షల డిగ్రీలు ఎలా దాటుతుంది, చల్లటిదాని నుంచి వేడిదానికి వేడి ఎక్కడైనా పాకుతుందా, అది తప్పకుండా అచ్చుతప్పే అన్నావు. కాదని పందెం కాశాను గానీ, ఎందుకు కాదో చెప్పలేకపోయాను.

నిన్న గడ్డపార మొన సాగగొట్టించడానికి కొలిమికి వెళ్లాను. మన బొంగరాలకు ములుకులు దిగ్గొట్టిన ఆచారి తాత ఇంకా తానే సుత్తి పడుతున్నాడు. పట్టకారుతో ఆయన బయటికి తీసిన గడ్డపార మొన దగ్గర లేత పసుపుగా, జానెడు ఇవతల నారింజగా, ఆపైన మంకెనపువ్వు ఎరుపుగా, ఇంకా ఇవతల మామూలు నల్లటి ఇనుముగా ఉంది. సూర్యుడి లోపల కూడా ఇంతే. కేంద్రంలో, పైనున్న పదార్థమంతా అణిచే ఒత్తిడిలో, హైడ్రోజన్ కేంద్రకాలు కలిసి హీలియంగా మారుతుండగా వేడి సుమారు కోటిన్నర డిగ్రీలు ఉంటుంది. ఆ శక్తి దట్టమైన పొరలో అడుగడుగునా తగిలి పక్కకు మళ్లుతూ వేల ఏళ్లు పాకి, చివరి మూడోవంతు దూరం మరిగే ఎసరులా తెర్లుతూ పైకి వచ్చి, తలానికి చేరేసరికి 5,500 డిగ్రీలకు దిగిపోతుంది. ఇనుము రంగు చూసి సుత్తి ఎత్తే అదను ఆచారి తాత తెలుసుకున్నట్టే, సూర్యకాంతిలో రంగుల పాళ్లు చూసి శాస్త్రవేత్తలు ఈ తలం వేడి లెక్క తేల్చారు. ఇంతవరకు మనకు తగవే లేదు.

మన పందెం సంగతి తాతకు చెప్పాను. "నిప్పులో పెడితేనే ఇనుము కాగుతుందని ఎవరు చెప్పినారబ్బయా?" అని, డబ్బాలోంచి సన్నటి మేకు ఒకటి తీసి నా అరచేతిలో పెట్టాడు. చల్లగా ఉంది. దాన్ని దాగలి మీద పెట్టి, తిప్పుతూ తిప్పుతూ, చిన్న సుత్తితో నేను లెక్కపెట్టలేనంత వేగంగా కొట్టాడు. మొన పలచబడింది. వెంటనే అగ్గిపుల్ల తలను ఆ మొనకు ఆనించాడు. భగ్గుమంది! రమణా, ఆ మేకు కొలిమి ముఖం చూడలేదు. దెబ్బలో ఉన్న శక్తే వేడి అయింది.

అక్కడే నాకు వెలిగింది. నీ మాట సగం నిజం, తలం నుంచి కరోనాకు వేడి పాకడం లేదు. తలం కింద తెర్లే పదార్థం అయస్కాంత రేఖలను ఎడతెగకుండా కదుపుతూ, తాడులా పురి పెడుతూ ఉంటే, ఆ శక్తి పైకెక్కి కరోనాలో వేడిగా మారుతుంది. అది ఆల్వెన్ అనే శాస్త్రవేత్త 1942లో చెప్పిన అలల రూపంలో వెళుతుందా, లేక 1988లో పార్కర్ అనే మరో శాస్త్రవేత్త అన్నట్టు పురి ఎక్కిన రేఖలు తెగి అతుక్కునే చిన్న చిన్న పేలుళ్లతోనా, ఏది ఎంత వాటా అన్నది ఇంకా తేలలేదు. దానికోసమే కదా ఆదిత్య వెళ్లింది.

అచ్చుతప్పు మాత్రం కాదు. 1869 సూర్యగ్రహణంలో కరోనా వెలుగును రంగులుగా విడదీసి చూసినప్పుడు ఒక ఆకుపచ్చ గీత కనబడితే, భూమి మీద లేని మూలకమేదో అనుకుని దానికి కరోనియం అని పేరు పెట్టారు. 1940 ప్రాంతంలో గ్రోట్రియన్, ఎడ్లెన్ అనే శాస్త్రవేత్తలు దాని గుట్టు విప్పారు. అది పదమూడు ఎలక్ట్రాన్లు ఊడిపోయిన ఇనుము! అన్ని ఊడాలంటే ఇరవై లక్షల డిగ్రీల దాకా వేడి కావాలి. ఆదిత్యలోని కరోనా దుర్భిణి చూసే గీతల్లో అదీ ఒకటి. కొలిమిలోనూ ఇనుమే, అక్కడా ఇనుమే, నాకు ఒళ్లు జలదరించింది.

మరి అంత వేడిలోకి నాసా వారి పార్కర్ నౌక ఎలా వెళ్లిందని నువ్వు అడుగుతావు. గడ్డపార కొడుతుంటే రవ్వలు ఆచారి తాత ముంజేతి మీద రాలుతూనే ఉన్నాయి, ఆయన చెయ్యి కూడా విదల్చలేదు. రవ్వ వేడి ఎక్కువ, అందులో సరుకు తక్కువ. కరోనా మనం పీల్చే గాలికంటే కోట్ల రెట్లు పలచన. అందుకే 2024 డిసెంబర్ 24న పార్కర్ నౌక సూర్యుడికి 61 లక్షల కిలోమీటర్ల దగ్గరికి వెళ్లినా, దాని కవచం సుమారు వెయ్యి డిగ్రీలకే కాగింది. అంటే తాత కొలిమిలో ఇనుమంత.

సూర్యుడి మీద కనబడే నల్ల మచ్చల సంగతి రాయనేలేదు. అవి 3,500 డిగ్రీల దగ్గర ఉండిపోవడానికి కారణం కూడా అయస్కాంత బలమే, కింది వేడిని పైకి తెర్లనివ్వదు. ఒకచోట చల్లార్చేదీ అదే, మరొకచోట కాచేదీ... తమ్ముడు కావలి బస్సుకు బయలుదేరాడు, ఈ కాగితం వాడి చేతికివ్వాలి. కాజాలు సగం నీవి. మేకు దాచి ఉంచాను.

నీ
శీను