కాజీపేటలోని ఆ పెద్దాయనకు నా కృతజ్ఞతలు

మొంథా తుఫాను వానకు హనుమకొండలోని మా వీధి మునిగినప్పుడు, స్థానిక చానెల్‌కు కళల వార్తలు చేసిన కాలమంతా నేను దాచుకున్న మినీ డీవీ టేపులు, అంటే వీడియో కెమెరాల్లో వాడిన చిన్న కాసెట్లు, అట్టపెట్టెలతో సహా బురదనీటిలో నానిపోయాయి. వాటిలో చాలామటుకు మళ్లీ ఆడుతున్నాయని నిన్న రాత్రి తేలింది. ఇంకా కంటికి నిద్ర లేదు, అయినా ఈ నాలుగు మాటలు ఇప్పుడే రాయాలనిపించింది.

మావారు, పిల్లలు తెల్లవార్లూ నీళ్లు ఎత్తిపోశారు, తమ్ముడు పెట్టెలను మేడమీదికి చేర్చాడు. ఇంటివాళ్లకు కృతజ్ఞతలు చెబితే నవ్వుతారు.

చెప్పవలసింది కాజీపేటలోని ఆ పెద్దాయనకు. ఒకప్పుడు పెళ్లి వీడియోలు తీసిన ఆయనకు నేనెవరో తెలియదు. ఫోనులో ఆయన అన్న మొదటి మాట, "ఎండల పెట్టకు బిడ్డా, డెక్కుల అసలే ఎయ్యకు, అట్లనే తీస్కరా" అని. ఒక్కో కాసెట్టును సన్నని స్క్రూడ్రైవరుతో విప్పి, పావు అంగుళం వెడల్పున్న టేపును చేత్తో మెల్లగా తిప్పుతూ, డిస్టిల్డ్ వాటర్‌తో బురద కడిగి నీడలో ఆరబెట్టారు. పగిలిన డొక్కులకు బదులు వేయడానికి, ఇప్పుడు బజారులో వెతికినా దొరకని తన కొత్త కాసెట్లనే విప్పేశారు. గంట టేపు కంప్యూటరులోకి ఎక్కాలంటే గంటసేపు ఆడవలసిందే కాబట్టి, అంతసేపూ పక్కనే కూర్చున్నారు. 2017లో కన్నుమూసిన ఒగ్గు కథకులు చుక్క సత్తయ్య గారు తెరమీద కనబడి డోలు మొదలవగానే, వాడకట్టుకంతా వినబడాలని తలుపులు బార్లా తెరిచారు. అప్పటిదాకా ఓర్చుకున్నాను కానీ, ఇంకు కరిగిపోయిన నా లేబుళ్లను భూతద్దంతో కూడబలుక్కుని, కొత్త కాగితాల మీద తన గుండ్రని అక్షరాలతో తిరగరాసి అతికించి చేతికిచ్చినప్పుడు మాత్రం అక్కడే ఏడ్చేశాను. డబ్బు ముట్టలేదు.

ఒక్క మాట అనకుండా ఉండలేను. ఈ టేపులు అసలు మా ఇంట్లో ఎందుకు ఉండాలి? చానెల్ ఐటమ్‌కింత అని నాలాంటి స్ట్రింగర్‌కు, అంటే జీతం లేని విలేకరికి, లెక్కకట్టేది, రెండు నిమిషాలు ప్రసారం చేసి అదే టేపు మీద మళ్లీ రికార్డు చేసుకొమ్మనేది, కళల వార్త అంటే యాడ్ ఏమైనా తెచ్చావా అని అడిగేది. 2021లో రామప్పకు యునెస్కో గుర్తింపు వచ్చినప్పుడు పాత పేరిణి నృత్య దృశ్యాల కోసం, 2024లో గడ్డం సమ్మయ్య గారికి పద్మశ్రీ వచ్చినప్పుడు చిందు యక్షగానం దృశ్యాల కోసం నా ఫోను మోగించినవాళ్లే, టేపులు మునిగాయంటే "మీరు మా రోల్స్‌లో లేరు కదా" అన్నారు. నష్టం రాసుకోవడానికి వచ్చినవారు బియ్యం, ఫ్రిజ్ రాసుకుని, టేపులను చెత్తలో వేయమన్నారు.

అన్నట్టు, పెద్దాయన నంబరు ఇచ్చిన ఫ్లెక్సీ షాపు అబ్బాయిని మరిచాను. డిస్టిల్డ్ వాటర్ డబ్బాలు అప్పుగా ఇచ్చిన బ్యాటరీ షాపువారినీ, పెట్టెలను ఒళ్లో పెట్టుకున్నంత జాగ్రత్తగా చేర్చి సగం కిరాయే తీసుకున్న ఆటో అన్ననూ కూడా. సత్తయ్య గారి దృశ్యాలు కావలసిన ఒగ్గు బృందాలవారు పెన్‌డ్రైవ్ తెచ్చుకుంటే చాలు, ఎక్కించి ఇస్తాను.