డ్యాన్స్‌హాల్ బీటు వట్టి మోత కాదు

సంపాదకులకు నమస్కారం.

మా కావలి కుర్రాళ్లు కొందరు ఇంట్లో కంప్యూటర్ మీదే డ్యాన్స్‌హాల్ తరహా బీట్లు కట్టి ఊరేగింపుల్లో వినిపిస్తుంటే, పెద్దలు వాటిని వట్టి మోతగా కొట్టిపారేయడం నాకు బాధ కలిగిస్తోంది. 1970ల చివర జమైకాలోని కింగ్‌స్టన్‌లో రూపుదిద్దుకున్న ఈ బాణీలో గాత్రం లేని వాద్యభాగాన్ని ‘రిడిమ్’ అంటారు. ఒకే రిడిమ్ మీద పలువురు గాయకులు వేర్వేరు పాటలు పాడటం అక్కడి ఆనవాయితీ. 1985లో సంగీత నిర్మాత కింగ్ జామీ వెలువరించిన ‘స్లెంగ్ టెంగ్’ రిడిమ్, కాసియో ఎంటీ-40 అనే చిన్న కీబోర్డులో ముందే అమర్చి ఉన్న లయ నుంచి పుట్టి, అక్కడి స్టూడియోలను డిజిటల్ వాద్యాల వైపు మళ్లించింది.

ఈ బీటు బలమంతా ఖాళీలోనే ఉంది. ఎనిమిది మాత్రలను మూడు, మూడు, రెండుగా విరిచి (మృదంగం నేర్చినవారికి ఈ విరుపు కొత్తేమీ కాదు), కిక్ అనే మంద్రమైన డ్రమ్ము దెబ్బకూ స్నేర్ అనే పదునైన డ్రమ్ము దెబ్బకూ మధ్య చోటు వదిలి, అక్కడ బేస్‌ను (మంద్రస్వరాన్ని) పొదుపుగా దించితేనే దెబ్బ గుండెకు తగులుతుంది. మా కుర్రాళ్ల పనిలో ఆ పొదుపు ఉంది. ఊరేగింపు బాక్సుల్లో మాత్రం బేస్‌ను విపరీతంగా పెంచేయడంతో ఖాళీలన్నీ పూడిపోయి, స్నేర్ దెబ్బ అసలు వినిపించడం లేదు. సౌండ్ నిర్వాహకులు ఆ హోరు తగ్గించాలనీ, జిల్లాలో జరిగే యువజన సంగీత పోటీల్లో బీట్ల కూర్పుకూ చోటివ్వాలనీ కోరుతున్నాను.

ఇట్లు,
ఒక సంగీత ఉపాధ్యాయుడు,
కావలి, నెల్లూరు జిల్లా.