పిస్టలు కింద లైటు కన్నా ముందు చేతిలో టార్చి

సంపాదకులకు,

రాత్రి పొద్దుపోయాక డబ్బుతోనో సరుకుతోనో ఇంటికి చేరే వ్యాపారులు మన సీమలో తక్కువేం కాదు. ప్రొద్దుటూరు బంగారు అంగళ్లు, ఆదోని పత్తి మిల్లులు, తాడిపత్రి బండల ఫ్యాక్టరీలు, హైవే మీది పెట్రోలు బంకులు నడిపేవాళ్లలో కొందరి దగ్గర లైసెన్సు ఉన్న చిన్న ఆయుధం ఉంటుంది. చొక్కా లోపల నడుముకు పెట్టుకునే పిస్టలు గొట్టం కింద బిగించే చిన్న లైటు ఏది కొనాలని వాళ్లు అడుగుతున్నారు. ఆయుధాల పనీ వాటి వాడకమూ తెలిసినవాళ్లుగా మా జవాబు ముందే చెప్పేస్తాం. వాళ్లలో చాలామందికి ఆ లైటు అక్కర్లేదు, మంచి చేతి టార్చి కావాలి. మిగిలిన కొద్దిమందికి లైటు పనికొస్తుంది గానీ కొనేముందు చూసుకోవాల్సినవి చాలానే ఉన్నాయి.

మొదట ఆయుధాన్ని ఖాళీ చేసి తిరగేసి చూడండి. ట్రిగ్గరు గార్డుకు (ట్రిగ్గరు చుట్టూ ఉండే కమ్మీకి) ముందు, గొట్టం కింద, ఫ్రేముకు రెండు పక్కలా గాడి, అడ్డంగా ఒక కోత ఉంటేనే మామూలుగా లైటు నిలుస్తుంది. దాన్ని రైలు అంటారు. అమెరికా సైన్యం 1995లో ఖరారు చేసిన పికటిన్నీ కొలతలో ఆ అడ్డకోత వెడల్పు 5.23 మిల్లీమీటర్లు, ఒక కోత నుంచి ఇంకో కోతకు సుమారు 10 మిల్లీమీటర్లు. మన దగ్గర లైసెన్సు మీద ఎక్కువగా కనిపించేవి కాన్పూరు .32 రివాల్వరు, ఆర్డినెన్సు ఫ్యాక్టరీల పాత .32 పిస్టలు. వాటికి రైలు ఉండదు. డ్రిల్లు వేసి రెండు మరలు బిగిస్తే సరిపోతుందనే లేతు షెడ్డు మాట వినొద్దు. ఫ్రేముకు రంధ్రం పడిన చోటే రేపు పగులు మొదలవుతుంది. పైగా లైసెన్సు లేని మనిషి చేత తుపాకీ మరమ్మతు చేయించడాన్ని 1959 నాటి ఆయుధాల చట్టం ఐదో సెక్షను ఒప్పుకోదు. రివాల్వరుకైతే గొట్టానికి క్లాంపు వేసి లైటు కట్టే ఆలోచనే ప్రమాదం. పేల్చినప్పుడు సిలిండరుకూ గొట్టానికీ మధ్య సందులోంచి వేడి గ్యాసు, సీసం తునకలు పక్కలకు చిమ్ముతాయి. లైటు మీట కోసం ముందుకు చాచిన వేలు సరిగ్గా ఆ సందు పక్కకే వస్తుంది.

రైలు ఉన్నవాళ్లు కూడా ఒక మాట దగ్గర ఆగాలి. పిస్టలు కింది లైటు ఎటు తిరిగితే గొట్టం అటే తిరుగుతుంది. సీమలో ఎండాకాలం రాత్రుల్లో ఇంటిల్లిపాదీ మిద్దె మీదో వాకిట్లో మంచాల మీదో పడుకుంటారు. కరెంటు పోయినప్పుడు నీళ్లకు లేచిన అవ్వ, మోటారు వేయడానికి చేనికి బయల్దేరిన పక్కింటాయన, గేటు దగ్గరి వాచ్‌మన్, బస్సు ఆలస్యమై అర్ధరాత్రి వచ్చిన కొడుకు... చీకట్లో చప్పుడు చేసేది దాదాపు ఎప్పుడూ మనవాళ్లే. ఎవరదని చూడటానికి పిస్టలు ఎత్తితే, ముందు వాళ్ల గుండెకు గొట్టం గురిపెట్టి ఆ తర్వాత మొహం చూసినట్టే. పిస్టలు లైటు వెతకడానికి పనికిరాదు. ఆయుధం తీయక తప్పదని తేలిపోయాక, ఎదుటివాడి చేతిలో ఏముందో చూడటానికి మాత్రమే అది. అంతకు ముందు జరిగే వెతుకులాటంతా చేతి టార్చితోనే జరగాలి. అందువల్ల పిస్టలుకు లైటు బిగించుకున్నవాడికి కూడా జేబులో టార్చి ఉండి తీరాలి.

లైటు మీట మీద వేలు వేసేటప్పుడు ట్రిగ్గరు నొక్కేసిన ప్రమాదాలు అమెరికా పోలీసుల దగ్గరే జరిగాయి. భయంలో చెయ్యి బిగుసుకుంటే వేళ్లు విడివిడిగా మాట వినవు. ఒక వేలుతో మీట నొక్కబోతే పక్క వేలు కూడా ముడుచుకుంటుంది. ట్రిగ్గరు నొక్కే చేతి వేలితో లైటు మీట ఎప్పుడూ నొక్కకూడదు. ఆ పని రెండో చేతి బొటనవేలిది. అరచేతి కింద పట్టు మీద నొక్కితే వెలిగే రకం మీట అసలు వద్దు.

ఇక లైటు సంగతి. పెట్టెల మీద లూమెన్లు పెద్ద అక్షరాల్లో ఉంటాయి, క్యాండెలా ఏ మూలనో చిన్నగా ఉంటుంది. చూడాల్సింది రెండోదే ఎక్కువ. లూమెన్లు బోరులోంచి వచ్చే మొత్తం నీళ్లనుకుంటే, క్యాండెలా పైపు మూతికి వేలు అడ్డం పెట్టినప్పుడు నీళ్లు ఒకచోటికి కొట్టే జోరు. లెక్క సులువే. క్యాండెలాను మీటర్లలో దూరపు వర్గంతో భాగిస్తే అక్కడ పడే వెలుగు లక్సుల్లో వస్తుంది. 5,000 క్యాండెలా లైటు 5 మీటర్ల దూరంలో 200 లక్సులిస్తుంది, 20 మీటర్లలో పన్నెండున్నర, 50 మీటర్లలో రెండే. ఇంట్లోకి, వాకిట్లోకి 300 నుంచి 500 లూమెన్లు, 5,000 క్యాండెలా చాలు. అంతకు మించితే మన ఇళ్లలో నష్టమే. సున్నం కొట్టిన తెల్ల గోడ, నున్నగా పాలిష్ చేసిన కడప బండ వెయ్యి లూమెన్లను తిప్పి మన కళ్లలోకే కొడతాయి. చీకటికి అలవాటుపడిన కన్ను మళ్లీ సర్దుకోవడానికి ఇరవై ముప్పై నిమిషాలు పడుతుంది.

సైజు తెలియడానికి రెండు మూడు ఉదాహరణలు. స్ట్రీమ్‌లైట్ టీఎల్ఆర్-7ఏ 500 లూమెన్లు, 5,000 క్యాండెలా, బరువు సుమారు 68 గ్రాములు, ఒక సీఆర్123ఏ బ్యాటరీతో గంటన్నర వెలుగుతుంది. అదే కంపెనీ టీఎల్ఆర్-6 ఇంకా చిన్నది, వెలుగు 100 లూమెన్లే, బొత్తాముల్లాంటి రెండు బ్యాటరీలు వేయాలి. ష్యూర్‌ఫైర్ ఎక్స్300 రకం రెండు బ్యాటరీలది, 110 గ్రాముల పైమాటే. అది నడుము లోపలికి పెద్దది. సన్నటి పిస్టళ్ల కోసం చేసే టీఎల్ఆర్-7 సబ్ లాంటివి ఒక్కో పిస్టలుకు ఒక్కో రకంగా వస్తాయి. ఒకదానికి కొన్నది ఇంకోదానికి పట్టదు. పేరు చూసి కొనేసి తర్వాత బాధపడేది ఎక్కువగా ఇక్కడే.

ఆన్‌లైన్ అంగళ్లలో వెయ్యి, రెండు వేలకు దొరికేవి చాలావరకు ఆట పిస్టళ్ల కోసం చేసిన నకళ్లు. చూపులకు ఒకేలా ఉంటాయి. తేడా లోపలి స్ప్రింగులో ఉంది. పేల్చిన ప్రతిసారీ పిస్టలు వెనక్కి తన్నితే బ్యాటరీ ముందుకు జారుతుంది. బలహీనమైన స్ప్రింగు దాన్ని నిలపలేదు, ఆ క్షణంలో కాంటాక్టు తెగి లైటు ఆరిపోతుంది, లేదా మిణుకుమనే పద్ధతిలోకి మారిపోతుంది. కొన్నాక చెవి దగ్గర పెట్టి ఊపండి. లోపల బ్యాటరీ కదిలిన చప్పుడు వినిపిస్తే తిరిగి ఇచ్చేయండి. ఐపీఎక్స్7 అని రాసి ఉంటే మీటరు లోతు నీళ్లలో అరగంట నిలవాలి. ఐపీఎక్స్4 తుంపర్లకే.

బ్యాటరీ గురించి సీమవాళ్లకు కొంచెం ఎక్కువ చెప్పాలి. సీఆర్123ఏ లిథియం బ్యాటరీ నిల్వ ఉంచితే పదేళ్లు ఉంటుంది, 60 డిగ్రీల వేడి వరకు ఓర్చుకుంటుంది. మే నెలలో ఎండలో నిలిపిన కారు డాష్‌బోర్డు అరలో వేడి అది కూడా దాటగలదు. అక్కడ లైటు గానీ బ్యాటరీ గానీ ఉంచొద్దు. ఛార్జింగు పెట్టే రకమైతే ఇంకా జాగ్రత్త. లిథియం అయాన్ బ్యాటరీని 45 డిగ్రీలు దాటిన చోట ఛార్జింగు పెడితే త్వరగా చచ్చిపోతుంది. రెండు బ్యాటరీల లైటులో పాతదీ కొత్తదీ కలిపి వేయొద్దు. బలహీనమైనది పూర్తిగా ఖాళీ అయ్యాక రెండోది దాని గుండా ఎదురు కరెంటు నెడుతుంది, వేడెక్కి పగిలే ప్రమాదం ఉంది. మన వేసవిలో లైటు ఒంటికి తగిలిన వేడి కూడా లెక్కే. చాలా లైట్లు రెండు మూడు నిమిషాలకు వేడెక్కి తమంతట తామే వెలుగు తగ్గించుకుంటాయి. దాన్ని పాడైందనుకోవద్దు.

అన్నిటికన్నా ఎక్కువమంది మరిచేది హోల్‌స్టర్, అంటే పిస్టలు పెట్టుకునే ఒర. లైటు బిగించిన పిస్టలు మామూలు హోల్‌స్టర్‌లో దిగదు. బలవంతంగా దించడానికి తోలు కోసి వదులు చేస్తే ట్రిగ్గరు గార్డు పక్కన సందు పడుతుంది. చొక్కా అంచు, తువ్వాలు కొస, తాళాల గొలుసు ఆ సందులో దూరి ట్రిగ్గరును లాగగలవు. మీ పిస్టలుకూ మీ లైటుకూ కలిపి అచ్చుపోసిన గట్టి హోల్‌స్టర్ దొరికితేనే లైటు కొనండి. దొరకకపోతే లైటు ఆలోచన మానుకోండి. పిస్టలు ఖాళీ చేసి హోల్‌స్టర్‌లో పెట్టి, పై నుంచి చిటికెన వేలు ట్రిగ్గరు దాకా పోతుందేమో చూడండి. పోతే పనికిరాదు. బహిరంగ స్థలంలో పిస్టలు హోల్‌స్టర్‌లోనే ఉండాలని, పైకి తీసి చూపించకూడదని 2016 ఆయుధాల నియమాలు చెబుతున్నాయి. పంచెకట్టు మీద, మెత్తటి బెల్టు మీద ఈ బరువు ఆగదు, ముందుకు వాలుతుంది. పలుచటి తెల్ల ఖద్దరు చొక్కా కింద లైటు ఉబ్బెత్తుగా తెలిసిపోతుంది. దాచుకోవడానికే చిన్నది కొనాలనుకుంటే టార్చి జేబులో వేసుకోవడం ఇంతకన్నా తేలిక.

బిగించేటప్పుడు చెయ్యి గొట్టం ముందుకు పోతుంది. అందుకే వరస తప్పొద్దు. ముందు మ్యాగజైను, అంటే తూటాల అర, తీయాలి. తర్వాత స్లైడు (పిస్టలు పైన కదిలే భాగం) వెనక్కి లాగి ఆపి, చాంబరులోకి (గొట్టం వెనక తూటా కూర్చునే చోటులోకి) కంటితో చూడాలి, వేలితో తడమాలి. తూటాలు ఇంకో గదిలో పెట్టాలి. అప్పుడు లైటు రైలు మీద ఎక్కించి, అడ్డకోతలో దాని బొడిపె కూర్చున్న చప్పుడు విని, మర బిగించాలి. ప్లాస్టిక్ ఫ్రేమును అతిగా బిగిస్తే అది వంగి స్లైడు కదలికకు అడ్డుపడుతుంది. వదులుగా ఉంటే నాలుగు తూటాలకే లైటు జరుగుతుంది. కంపెనీ కాగితంలో చెప్పినంత బిగించి, మర మీదా ఫ్రేము మీదా కలిసేలా తెల్ల పెయింటుతో ఒక గీత గీయండి. గీత విడిపోయి కనిపిస్తే మర కదిలినట్టు. బిగించాక లైసెన్సులో అనుమతించిన తూటాల్లోంచి కొన్నయినా రేంజిలో పేల్చి చూడకుండా నడుముకు పెట్టుకోవద్దు. అద్దం మీద చేరే మసిని పెన్సిలు రబ్బరుతో తుడిస్తే పోతుంది.

చేతి టార్చి కొనేటప్పుడు వెనక మూత దగ్గర మీట ఉన్నదే తీసుకోండి. నొక్కినంతసేపే వెలగాలి, వదిలితే ఆరాలి, మొదటి నొక్కుకే నిండు వెలుగు రావాలి. మిణుకుమిణుకుతో మొదలయ్యేది వద్దు. పిడికిట్లో పట్టి రెండు చివర్లూ కాస్త బయటికి కనిపించే పొడవు, అంటే 10 నుంచి 13 సెంటీమీటర్లు చాలు. ముందు భాగం లాగితే దగ్గరా దూరం మారే జూమ్ రకంలోకి నీళ్లూ దుమ్మూ పోతాయి. 18650 బ్యాటరీ రకమైతే దాని మీద అంకె చదవండి. 18 మిల్లీమీటర్ల లావు, 65 పొడవు ఉండే ఆ సైజులో నిజమైన బ్యాటరీ నిల్వ మామూలుగా 3,500 ఎంఏహెచ్ దగ్గరే ఆగుతుంది. 9,900 అని రాసిందంటే అది అబద్ధమే. అసలైనది చేతిలో 45 గ్రాములకు అటూఇటూ తూగుతుంది, నకిలీది తేలిగ్గా ఉంటుంది. వాడేటప్పుడు మనిషి మొహం మీదికి కాక నేల మీదికో పైకప్పు మీదికో వేయండి. తెల్ల పైకప్పు ఉన్న గదిలో 300 లూమెన్లు పైకి కొడితే మూలమూలా కనిపిస్తుంది, ఎవరి వైపూ ఏదీ గురిపెట్టే పని ఉండదు.

ఎన్నికల కోడ్ వచ్చినప్పుడు ఆయుధాన్ని స్టేషన్‌లో అప్పగించే ముందు లైటు విప్పి, బ్యాటరీ తీసి ఇంట్లో పెట్టుకోండి. నెలల తరబడి లోపల ఉన్న బ్యాటరీ నెమ్మదిగా కరెంటు కారుస్తుంది, కొన్నిసార్లు ద్రవం కార్చి కాంటాక్టును తినేస్తుంది. తిరిగి వచ్చాక కాంటాక్టులు పొడి గుడ్డతో తుడిచి, కొత్త బ్యాటరీ వేసి, వెలిగించి చూశాకే బిగించండి.

కర్నూలు, అనంతపురం, కడప జిల్లాల పోలీసు అధికారులకు మీ పత్రిక ద్వారా ఒక విన్నపం. 2016 నియమాల ప్రకారం లైసెన్సు కోరేవాళ్లు ఆయుధ భద్రత శిక్షణ పూర్తి చేయాలి. ఆ శిక్షణలో ఒక గంట సూర్యాస్తమయం తర్వాత పెట్టండి. తూటాలేవీ అక్కర్లేదు, ఖాళీ ఆయుధం, ఒక టార్చి, చీకటి గది చాలు. కుడిచేత్తో హోల్‌స్టర్ ముట్టకుండా ఎడమచేతి టార్చితో గదిలో ఎవరున్నారో చూసి చెప్పమనండి. రెన్యువల్‌కు వచ్చినవాళ్ల చేత కూడా అదే చేయించండి.

— ఆయుధాల మరమ్మతు, శిక్షణ తెలిసిన పాఠకులు,
ప్రొద్దుటూరు, కడప జిల్లా