నైపుణ్యాభివృద్ధి సంస్థ మేనేజింగ్ డైరెక్టర్ గారికి బహిరంగ లేఖ

గౌరవనీయులైన ఆంధ్రప్రదేశ్ రాష్ట్ర నైపుణ్యాభివృద్ధి సంస్థ మేనేజింగ్ డైరెక్టర్ గారికి నమస్కారాలు.

2019లో పెనుకొండ దగ్గర ఎర్రమంచిలో ఏటా 3 లక్షల కార్ల సామర్థ్యంతో కియా కర్మాగారం మొదలైనప్పుడు, వేరుశనగ పంటనే నమ్ముకున్న మా ప్రాంతపు ఇళ్లలో పిల్లల చదువుల మీద కొత్త ఆశ పుట్టింది. ఐటీఐలో పాతికేళ్లు మోటారు మెకానిక్ పాఠాలు చెప్పిన నాకు ఆ ఆశ బరువు తెలుసు.

అయితే రోబోలు వెల్డింగ్ చేసే చోట కావలసింది వెల్డింగ్ ఒక్కటే వచ్చినవారు కాదు. రోబో ఆగిపోతే లోపం సెన్సారులో ఉందో, ప్రోగ్రాములో ఉందో తేల్చగలవారు. విద్యుత్ వాహనాల సంగతి ఇంకా సున్నితమైనది: 12 వోల్టుల బ్యాటరీతో చేయి తిరిగిన మెకానిక్, 400 వోల్టుల బ్యాటరీ ప్యాక్‌ను అదే ధీమాతో ముట్టుకుంటే ప్రాణానికే ముప్పు. రక్షణ తొడుగులు వేసుకుని బ్యాటరీ విద్యుత్తును తెంచే సర్వీస్ ప్లగ్ తీసి, విద్యుత్తును నిల్వ ఉంచుకునే కెపాసిటర్లు ఖాళీ అయ్యేవరకు ఆగి, మీటరుతో సరిచూసుకునే అలవాటు పుస్తకం చదివితే రాదు. నేను పనిచేసినచోట చివరిదాకా పాతకాలపు కార్బురేటర్ ఇంజన్ల మీదే నేర్పాం. ఆ లోటు నన్నింకా బాధిస్తోంది.

కనుక ప్రతి ఐటీఐకి శిక్షణ కోసం ఒక విద్యుత్ కారును ఇప్పించండి. బోధకులను ఏటా కొన్ని వారాలు కర్మాగారాలకు పంపండి. అప్రెంటిస్‌లను ఒకే బోల్టు బిగించే పనికి పరిమితం చేయకుండా అన్ని విభాగాలూ తిప్పాలన్న షరతును కర్మాగారాలతో చేసుకునే ఒప్పందాల్లోనే రాయించండి.

ఇట్లు,
విశ్రాంత ఐటీఐ బోధకుడు,
శ్రీ సత్యసాయి జిల్లా