హీలియం గుంటూరులో కనిపించింది, దొరకలేదు

సంపాదకులు గారికి నమస్కారం.

మొన్న ఆగస్టు 18న మీ జిల్లా ఎడిషన్‌లో "గుంటూరులో హీలియం కనిపెట్టిన రోజు" అంటూ నాలుగు లైన్ల బాక్స్ ఐటమ్ వేశారు. ఏటా ఎవరో ఒకరు వేస్తూనే ఉంటారు, వాట్సాప్‌లో అయితే చెప్పక్కర్లేదు. ఈసారి మా మనవడు దాన్ని ఫోటో తీసి నాకే పంపి "తాతయ్యా, ఇది నీకు తెలుసా?" అని అడిగాడు. నేను ముప్పై ఏళ్లు ఇంటర్ పిల్లలకు కెమిస్ట్రీ చెప్పినవాణ్ణి, అందులోనూ గుంటూరువాణ్ణి. తెలుసురా, కానీ జరిగింది ఇలా కాదు అన్నాను. మరెలా జరిగింది అంటే చెప్పడానికి ఫోన్‌లో గంట పట్టింది. ఆ గంటలో చెప్పిందే మీకూ రాస్తున్నాను.

1868 ఆగస్టు 18న సంపూర్ణ సూర్యగ్రహణం పట్టింది, నీడ మన నేల మీదుగా పోయింది. దాన్ని చూడ్డానికి పియర్ జాన్సెన్ అనే ఫ్రెంచి శాస్త్రవేత్త వెలుగును రంగులుగా విడదీసి చూపే స్పెక్ట్రోస్కోప్ పట్టుకుని గుంటూరు వచ్చి, ఇక్కడే ఉన్న ఒక ఫ్రెంచి వ్యాపారి ఇంట్లో మకాం పెట్టాడు. ఇంగ్లిషు వాళ్ల తరఫున మేజర్ టెన్నెంట్ బృందం దిగిందీ గుంటూరులోనే. మద్రాసు అబ్జర్వేటరీ పెద్ద పోగ్‌సన్ మచిలీపట్నంలో కూర్చున్నాడు, ఆయన దగ్గర పనిచేసే చింతామణి రఘునాథాచారి వనపర్తి వెళ్లాడు. ఈ చివరి పేరు ఏ బాక్స్ ఐటమ్‌లోనూ నాకు కనిపించలేదు, అది వేరే బాధ.

సూర్యుడు ఐదు నిమిషాలకు పైగా పూర్తిగా మూసుకుపోయాడు. ఆ కాసేపట్లో అంచున ఎగసే ఎర్రటి జ్వాలల వెలుగును స్పెక్ట్రోస్కోప్‌లో చూస్తే ధగధగా మెరిసే గీతలు కనిపించాయి. ఏ మూలకం వాయువుగా వెలిగినా దాని సొంత గీతలే కనిపిస్తాయి, అంటే ఆ జ్వాలలు వేడికి వెలిగే వాయువులు, ముఖ్యంగా హైడ్రోజన్, అని తేలింది. జాన్సెన్‌కు తట్టింది ఏమిటంటే, ఇంత కాంతివంతమైన గీతలు కనబడాలంటే అసలు గ్రహణమే అక్కర్లేదు కదా అని. మర్నాడు పొద్దున్నే మామూలు ఎండలో స్పెక్ట్రోస్కోప్‌ను సూర్యుడి అంచు వైపు తిప్పి చూశాడు, కనిపించాయి. గుంటూరులో ఆయన కనిపెట్టింది అదీ! అప్పటిదాకా ఆ జ్వాలల కోసం గ్రహణం ఎప్పుడొస్తుందా అని ఎదురుచూడాలి, ఆ తర్వాత ఏ రోజు కావాలంటే ఆ రోజు చూడొచ్చు. కొత్త మూలకం మాట మాత్రం ఆయన ఎత్తలేదు. పసుపు గీత ఒకటి చాలామంది కంటపడింది, అది సోడియం గీత అనుకుని వదిలేశారు. పోగ్‌సన్ మాత్రం సోడియం గీత దగ్గరో, దాని మీదో అని కాస్త అనుమానంగా రాసిపెట్టాడు.

జాన్సెన్ కబురు పారిస్‌కు పంపింది కాకినాడ నుంచి, సెప్టెంబరు 19 తేదీ వేసిన ఉత్తరంలో. ఓడలో పోవాలి కదా. ఆ ఉత్తరం దారిలో ఉండగానే, గ్రహణం చూడని నార్మన్ లాకియర్ అనే ఖగోళ శాస్త్రవేత్త ఇంగ్లండులో అక్టోబరు 20న అదే పద్ధతిలో అవే గీతలు చూసి తనూ పారిస్‌కు రాశాడు. రెండు ఉత్తరాలూ పారిస్ సైన్స్ అకాడమీ ముందుకు వచ్చింది ఒకే రోజు, అక్టోబరు 26న! ఎవరు ముందు అన్న తగువు లేకుండా ఫ్రెంచి ప్రభుత్వం 1872లో ఇద్దరి ముఖాలూ ఉన్న పతకం అచ్చు వేయించింది.

ఆ పసుపు గీతను వదలకుండా పట్టుకున్నవాడు లాకియర్. సోడియం జంట గీతల తరంగదైర్ఘ్యం 589.0, 589.6 నానోమీటర్లు, దీనిది 587.6. తేడా అంతే. భూమ్మీద తెలిసిన ఏ పదార్థంతోనూ ఆ గీత రాలేదు కాబట్టి సూర్యుడి గ్రీకు పేరు మీద హీలియం అన్నారు. లోహం కావచ్చనుకుని సోడియం, పొటాషియంలా చివర 'ఇయం' తగిలించారు, తీరా చూస్తే లోహం కాదు, పేరు అలాగే మిగిలిపోయింది. నమ్మినవాళ్లు తక్కువ. చివరికి 1895లో లండన్‌లో విలియం రామ్‌సే అనే రసాయన శాస్త్రవేత్త, క్లీవైట్ అనే యురేనియం ఖనిజాన్ని ఆమ్లంలో వేసి, వచ్చిన వాయువు వెలుగును చూస్తే అదే పసుపు గీత. సూర్యుడిలో కనిపించిన ఇరవై ఏడేళ్లకు భూమ్మీద చేతికి చిక్కిందన్నమాట.

రామ్‌సే ఆ ఖనిజం జోలికి అసలు ఎందుకు వెళ్లాడో చెప్పాలంటే ఇంకో ఉత్తరం సంగతి చెప్పాలి, మీకు నచ్చుతుంది, ఎందుకంటే అదీ సంపాదకుడికి రాసిందే. ఇంగ్లండు భౌతిక శాస్త్రవేత్త లార్డ్ రేలీ నైట్రోజన్‌ను తూచాడు. ఒకే గాజు బుడ్డిలో గాలి నుంచి తీసిన నైట్రోజన్ 2.310 గ్రాములు తూగితే, రసాయనాల నుంచి తయారుచేసింది 2.299 తూగింది. పదకొండు మిల్లీగ్రాముల తేడా. మనమైతే ప్రాక్టికల్స్ రికార్డులో 'ప్రయోగ దోషం' అని రాసి సంతకం పెట్టించుకునేవాళ్లం. ఆయన తేడా మొదట కనబడగానే, 1892లో, నేచర్ పత్రికకు ఉత్తరం రాశాడు, నాకేం పాలుపోవడం లేదు, కెమిస్ట్రీ తెలిసినవాళ్లు ఎవరైనా కారణం చెబుతారా అని. రామ్‌సే చేయి కలిపాడు, 1894లో ఆర్గాన్ బయటపడింది. మనం పీల్చే గాలిలో దాదాపు నూటికి ఒక వంతు అదే, అయినా ఎవరికీ తెలియలేదు. పాపం కేవెండిష్ అనే ఇంగ్లిషు శాస్త్రవేత్త 1785లోనే గాలిలో 120వ వంతు దేనితోనూ కలవకుండా చిన్న బుడగలా మిగిలిపోతోందని రాశాడు, వందేళ్లు ఎవరూ పట్టించుకోలేదు. ఆర్గాన్ ఇంకే ఖనిజంలోనైనా దాక్కుందేమో అని వెతుకుతూంటేనే రామ్‌సేకు హీలియం తగిలింది. 1898లో రామ్‌సే, మోరిస్ ట్రావర్స్ కలిసి ద్రవగాలిని మరిగించి క్రిప్టాన్, నియాన్, జినాన్ మూడింటినీ కొద్ది వారాల్లో లాగేశారు. ఈ ట్రావర్స్ ఎవరో కాదు, బెంగళూరు ఇండియన్ ఇన్‌స్టిట్యూట్ ఆఫ్ సైన్స్‌కు మొదటి డైరెక్టరు.

ఇక ఇంటర్‌లో ఈ వాయువుల పాఠం దగ్గరకొస్తే నాకు కోపం వస్తుంది. ఆవర్తన పట్టికలో 18వ గ్రూపు, అంటే ఈ హీలియం, ఆర్గాన్ వగైరా, జడవాయువులు, బయటి ఎలక్ట్రాన్ల వరుస నిండింది, ఎవరితోనూ కలవవు, ఇవతలి 17వ గ్రూపు హాలోజన్లు, ఒక ఎలక్ట్రాన్ తక్కువ, ఎవరు దొరికితే వాళ్ల మీద పడతాయి. పిల్లాడు బిట్ పెట్టేస్తాడు. 'జడ' అన్న మాట 1962లోనే కొట్టుకుపోయింది. కెనడాలో నీల్ బార్ట్‌లెట్, ప్లాటినం, ఫ్లోరిన్ కలిసిన ప్లాటినం హెక్సాఫ్లోరైడ్ ఆక్సిజన్ నుంచే ఎలక్ట్రాన్ లాగేయడం చూసి, జినాన్ నుంచి లాగడానికీ ఇంచుమించు అంతే శక్తి చాలు కదా అని రెండింటినీ కలిపాడు, కళ్లముందే పసుపుపచ్చటి ఘనపదార్థం ఏర్పడింది. ఆ పని చేయించింది ఫ్లోరిన్ బలమే, పక్క గ్రూపు వాడే. ఆ ఫ్లోరిన్‌ను విడిగా తీయబోయి కొందరు ప్రాణాలే పోగొట్టుకున్నారు, 1886లో ఆంరీ మోయిసాన్ ప్లాటినం పాత్రలో, గడ్డకట్టే చలిలో, కరెంటు పంపి తీశాడు.

ఫ్లోరిన్ అంటే మన పిల్లలకు ఎక్కడిదో అనిపించకూడదు సార్. నల్లగొండ ఊళ్లలో వంగిన కాళ్లు, పచ్చటి గారపళ్లు ఎందుకొచ్చాయో ఈ పాఠంలోనే చెప్పాలి. గ్రానైట్ రాళ్లలోని ఖనిజాల నుంచి ఫ్లోరైడ్ బోరు నీళ్లలోకి దిగుతుంది, లీటరుకు 1.5 మిల్లీగ్రాములు దాటితే ప్రమాదం. మన దేశంలో ఈ జబ్బు గురించి వైద్యులు మొదట రాసిందీ ఇక్కడే, 1937లో, అప్పటి నెల్లూరు జిల్లా పల్లెల మీద. పటిక, సున్నం, బ్లీచింగ్ పౌడరు కలిపి ఫ్లోరైడ్ తగ్గించే పద్ధతికి ప్రపంచమంతా వాడే పేరు 'నల్గొండ టెక్నిక్'. ఆ బ్లీచింగ్ పౌడరులో ఉండేదీ ఇంకో హాలోజనే, క్లోరిన్. ఇన్ని ఉండి కూడా మా పుస్తకంలో ఉదాహరణకు టూత్‌పేస్టు ఇచ్చారు.

ఇవాళ గుంటూరు కొత్తపేటలో ఎమ్మారై తీయించుకునే పేషెంటు చుట్టూ ఉన్న అయస్కాంతం చల్లగా ఉండేది మైనస్ 269 డిగ్రీల ద్రవ హీలియం వల్లే. ఆ మాట కూడా మీ ఐటమ్‌లో ఒక్క లైను వేయొచ్చు.

వచ్చే ఆగస్టుకు సవరణ వేస్తే సంతోషం. దాంతోపాటు చిన్న కోరిక. జాన్సెన్ దిగిన ఆ ఫ్రెంచి వ్యాపారి ఇల్లు ఊళ్లో ఎత్తైన చోట ఉండేదంటారు. గుంటూరు పాత కుటుంబాల వాళ్లు ఆ ఇంటి గురించి తాతలు చెప్పగా విన్నది ఏదైనా ఉంటే, పాత దస్తావేజుల్లో ఎక్కడైనా ఆ పేరు తగిలితే, మీ పత్రికకు రాయమని నా తరఫున అడగండి. రేలీకి రామ్‌సే దొరికింది ఇలాగే కదా.

ఇట్లు,
ఒక రిటైర్డ్ కెమిస్ట్రీ లెక్చరర్,
గుంటూరు